మాంట్రియల్ మంచు హాకీ జట్టును నడపిన మేనేజర్లు

హాకీ యనగా మన పెద్దలకు క్రొత్త మాట కాదు. 1928 వ సంవత్సరమున ఆమ్‌స్టర్‌డామ్ ఒలింపిక్ క్రీడలలో మన దేశపు జట్టు బంగారు పతకము గెలిచినది మొదలు ధ్యాన్‌చంద్ పేరు పల్లెటూళ్లకును ప్రాకినది. అయితే నేను నేడు మనవి చేయబోవు హాకీ పచ్చికబయలుపై ఆడునది కాదు, మంచుగడ్డపై ఆడునది. కెనడా దేశమున శీతకాలము వచ్చినచో చెఱువులును ఏఱులును పైన గడ్డకట్టి, మనిషి నడచినను విఱుగని పలకవలె నగును. పూర్వము ఆ గడ్డమీదనే పిల్లలు ఈ యాట నేర్చెడివారు. అడుగున ఉక్కు అలుగు బిగించిన పాదరక్షలు తొడుగుకొని, సరసర జారుచు, వంగిన కఱ్ఱలతో గట్టి రబ్బరు బిళ్ళను తఱుముకొనిపోయి ఎదుటివారి గోలులో వేయుదురు. ఒక్కొక్క పక్షమున ఒక్కమాఱు మంచుమీద నుండువారు ఆరుగురే. ఇరువది నిమిషముల చొప్పున మూడు భాగములుగా ఆట సాగును. నేడు పెద్దజట్లు పైకప్పుగల శాలలలో యంత్రబలముతో నీటిని గడ్డకట్టించి ఆడుచున్నవి.

ఈ యాటను వృత్తిగా స్వీకరించిన జట్లలో మాంట్రియల్ నగరపు కెనేడియన్స్ జట్టు మిక్కిలి పాతది. అది 1909 వ సంవత్సరము డిసెంబరు 4 వ తేదీన పుట్టినది. కెనడాలో ఇంగ్లీషు మాటలాడువారు అధికసంఖ్యాకులు. క్విబెక్ రాష్ట్రమున మాత్రము ఫ్రెంచివారు అధికులు. మాంట్రియల్ నగరము ఆ రాష్ట్రములోనిది. ఆనాడు ఆ నగరమున ధనము, అధికారము ఇంగ్లీషువారి చేతిలోను, శ్రమ ఫ్రెంచివారి చేతిలోను ఉండెడివి. ఈ జట్టు ఫ్రెంచివారికొఱకు ఏర్పడినది. జనులు దీనిని ముద్దుగా ‘హాబ్స్’ అందురు. అది ‘ఆబితా’ అను ఫ్రెంచి మాటకు పొట్టిరూపము. ఆ మాటకు క్విబెక్ పల్లెలలోని ఫ్రెంచి సేద్యగాండ్రని యర్థము. కాపుల జట్టన్నమాట! 1892 లో కెనడా గవర్నరు జనరలుగా నున్న స్టాన్లీ ప్రభువు ఒక వెండిపాత్ర నిచ్చెను. స్టాన్లీ కప్పు అను ఆ బహుమానమును ఈ జట్టు 1916 మొదలు 1993 వఱకు 24 మాఱులు గెలిచినది. ఇన్నిమాఱులు గెలిచిన జట్టు మఱియొకటి లేదు.

నేను చెప్పదలచినది ఆటగాండ్ర కథ కాదు. తెరవెనుక నుండి జట్టును నడపిన మేనేజర్ల కథ. జమీందారీలలో జమీందారు వేఱు, దివాను వేఱు గదా! ఇచ్చటను ధనము పెట్టు యజమాని వేఱు. మంచు ప్రక్కన నిలిచి ఆట చెప్పు శిక్షకుడు వేఱు. వీరిద్దఱి నడుమ దివానువంటివాడు మేనేజరు. ఏ ఊరిలో ఏ కుఱ్ఱవాడు బాగుగ ఆడుచున్నాడో కనిపెట్టుట, వానిని జట్టులో చేర్చుట, జీతము తేల్చుట, వయస్సు మీఱినవానిని సకాలమున పంపివేయుట, శిక్షకుని నియమించుట, తొలగించుట అన్నియు వాని పనులే. అతడు నాటిన చెట్టు అతని కాలమున కాయవచ్చును, కాయకపోవచ్చును. ఒకడు పెంచిన తోటలో మఱియొకడు కాయలు కోసికొనుట, ఒకడు నఱికిన చెట్టునకు పిమ్మటివాడు మాటపడుట ఈ చరిత్ర పొడుగునను కనబడును.

జట్టును స్థాపించినవాడు ఆంబ్రోజ్ ఓబ్రయన్ అను గనుల యజమాని కుమారుడు. ఆయన ఫ్రెంచివాడు కాడు. ఫ్రెంచి ఆటగాండ్రను సమకూర్చుటకు జాక్ లావియొలెట్ అను వానికి పని యప్పగించెను. లావియొలెట్టే మేనేజరు, అతడే శిక్షకుడు, అతడే ఆటగాడు. 1910 జనవరి 5 వ తేదీన మొదటి ఆట ఆడి, కోబాల్ట్ జట్టుపై 7 గోలులకు 6 గోలులతో గెలిచిరి.

ఆ మొదటి సంవత్సరపు గోలుకీపరు జోసెఫ్ కాటరినిచ్. 1910 ఫిబ్రవరిలో జట్టు చికుటిమి అను ఊరికి వినోదార్థము ఆడుటకు పోయెను. ఆ చిన్న ఊరిలోని గోలుకీపరు కాటరినిచ్ దృష్టిని మిక్కిలి ఆకర్షించెను. అతని పేరు జార్జి వెజినా. కాటరినిచ్ ఈర్ష్యపడలేదు. ఆ కుఱ్ఱవానిని వెంటనే తెచ్చుకొనవలయునని యజమానులకు తానే చెప్పెను. వెజినా రాగా కాటరినిచ్ గోలు విడిచి తప్పుకొనెను. తన చోటు తీసికొనగలవానిని తానే వెదకి పిలిచినవాడు! ఈ చరిత్రలో నాకు మిక్కిలి నచ్చిన ఘట్టమిదియే. వెజినా 1910 డిసెంబరు మొదలు 1925 నవంబరు వఱకు ఒక్క ఆటయు మానలేదు. ఎంత ఒత్తిడిలోనైనను చలింపనివాడగుటచే ఆయనను ‘చికుటిమి దోసకాయ’ అనెడివారు. దోసకాయ ఆ దేశమునందును చలువకే గుర్తు కాబోలు.

1910 లోనే జట్టు జార్జి కెన్నెడీ చేతికి వచ్చెను. ఆయన మల్లయోధుడు, కుస్తీ పందెములు జరిపించువాడు. యజమానియు మేనేజరును తానే యై 1916 లో మొదటి స్టాన్లీ కప్పు గెలిపించెను. 1917 లో నేషనల్ హాకీ లీగు అను సమాఖ్య ఏర్పడగా కెనేడియన్స్ అందు చేరిరి. 1919 లో కప్పుకొఱకు పశ్చిమతీరమునగల సియాటిల్ నగరమునకు పోయిరి. చెరి రెండాటలు గెలిచి, ఒకటి సమముగా ముగిసి, తుది ఆట మిగిలియుండగా విషజ్వరము వచ్చిపడినది. 1918, 1919 సంవత్సరములలో లోకమంతటిని, మన దేశమును గూడ, ఊడ్చివేసిన ఇన్‌ఫ్లుయెంజా అదియే. ఆటగాండ్రు పలువురు మంచమెక్కిరి. జో హాల్ అను ఆటగాడు ఏప్రిల్ 5 వ తేదీన మరణించెను. పందెము ఆపివేసిరి. కెన్నెడీకిని ఆ జ్వరము తగిలెను. ఆయన మరల పూర్తిగా కోలుకొనలేదు. 1921 అక్టోబరులో చనిపోయెను.

జట్టు అమ్మకమునకు వచ్చెను. వెనుకటి గోలుకీపరు కాటరినిచ్, ఆయన స్నేహితులు లియో డాందురాన్, లూయీ లెతుర్నో కలిసి 11,000 డాలర్లకు కొనిరి. డాందురాన్, కాటరినిచ్ అప్పుడు క్లీవ్‌లాండులో గుఱ్ఱపుపందెములయొద్ద నుండిరి. వారి తరఫున పాట పాడినవాడు సెసిల్ హార్ట్ అను మిత్రుడు. ఈ హార్ట్ పేరు జ్ఞాపకముంచుకొనవలయును.

డాందురాన్ 1921 నుండి 1935 వఱకు మేనేజరు. ఆయన తెచ్చినవారిలో మేటి హవీ మొరెన్జ్. 1923 లో ఆ కుఱ్ఱవాడు ఒప్పందముపై వ్రాలు చేసి, పిమ్మట ఊరు విడువలేక, పుచ్చుకొన్న డబ్బు తిప్పి పంపి, కంటనీరు పెట్టుకొని నన్ను విడువుమని వేడుకొనెను. డాందురాన్ విడువలేదు. కఠినుడనిపించును. కాని ఆ మొరెన్జే 1924, 1930, 1931 సంవత్సరములలో మూడు కప్పులు తెచ్చిన జట్టునకు ప్రాణమయ్యెను.

ఈ నడుమ వెజినా కథ ముగిసినది. 1925 నవంబరు 28 వ తేదీన జ్వరముతోనే మంచుమీదికి వచ్చి కూలెను. క్షయ అని తేలినది. 1926 మార్చిలో కన్నుమూసెను. డాందురాన్, కాటరినిచ్, లెతుర్నో ఆయన పేర లీగునకు ఒక బహుమానపాత్ర సమర్పించిరి. ఏటేట ఉత్తమ గోలుకీపరునకు దాని నిచ్చుచున్నారు. అంతకుముందే సెసిల్ హార్ట్ తండ్రి, డాక్టరు డేవిడ్ హార్ట్, మొత్తము లీగులో జట్టునకు మిక్కిలి ఉపకరించిన ఆటగానికని ఇంకొక పాత్ర నిచ్చియుండెను. ఈ రెండు పాత్రలను గూర్చి చివర మరల చెప్పెదను.

లోకమంతట వ్యాపారము కుదేలైన దినములు వచ్చెను. శాలలు వెలవెలబోయెను. డాందురాన్ 1934 లో మొరెన్జును షికాగో జట్టున కిచ్చివేసెను. మఱుసటియేడు జట్టునే 165,000 డాలర్లకు అమ్మి వెడలెను. పిమ్మట ఎర్నెస్ట్ సావార్ ఒక్క యేడు చూచెను. 1936 లో సెసిల్ హార్టును పిలిచిరి. హార్ట్ ఒకటే షరతు పెట్టెను: మొరెన్జును తిరిగి తేవలయును. తెచ్చిరి. వయసు మీఱినను మొరెన్జ్ మరల మెఱసెను. 1937 జనవరి 28 వ తేదీన ఆటలో ఆయన కాలు విఱిగెను. మార్చి 8 వ తేదీన ఆసుపత్రిలోనే చనిపోయెను. ఫోరమ్ అను క్రీడాశాలలో, ఆయన ఆడిన ఆ చోటనే, శవపేటికను ఉంచగా వేలకొలది జనులు వచ్చి చూచిపోయిరి. తానే ముచ్చటపడి పిలిపించినవాడు అట్లు పోగా హార్ట్ మనస్సెట్లుండెనో ఊహించుకొనవలసినదే. 1939-40 నాటికి, జూల్స్ దుగాల్ మేనేజరుగా నుండగా, జట్టు 48 ఆటలలో పదియే గెలిచి ఏడు జట్లలో అట్టడుగున నిలిచినది.

1940 లో టామీ గోర్మన్ వచ్చెను. పత్రికా విలేఖరిగా జీవితము మొదలుపెట్టి, అప్పటికే వేఱు మూడు జట్లకు కప్పులు గెలిపించిన చతురుడు. అదేయేడు డిక్ ఇర్విన్ శిక్షకుడుగా వచ్చెను. 1942 లో మారిస్ రిషార్ అను కార్మికుని కొడుకు జట్టులో చేరెను. అతడు 1944-45 లో 50 ఆటలలో 50 గోలులు కొట్టి ఫ్రెంచివారికి దేవునివంటివాడయ్యెను. 1944, 1946 లలో కప్పు వచ్చెను. శాల క్రిక్కిఱిసెను. గోర్మన్ వెంటనే వెడలిపోయెను. చూచువారికి ఇక చేయవలసినదేమియు లేదనిపించియుండును.

అట్లు తోపనివాడొకడు వచ్చెను. ఆయన పేరు ఫ్రాంక్ సెల్కీ. చదువు స్వల్పము, వృత్తిచే విద్యుత్తుతీగల పనివాడు. టొరాంటో జట్టులో కాన్ స్మిత్ అను గర్విష్ఠి క్రింద చిరకాలము పనిచేసెను. 1931 లో, పనులు లేని గడ్డుకాలమున, టొరాంటోలో మేపుల్ లీఫ్ గార్డెన్స్ అను మహాశాలను కట్టబూనగా సొమ్ము చాలలేదు. సెల్కీ కార్మిక సంఘములకు పోయి, కూలిలో కొంతభాగమునకు బదులు కంపెనీ వాటాలు పుచ్చుకొనుటకు వారిని ఒప్పించెను. తాను సంఘపువాడు కాకున్న వారు వినెడివారా? 1943 లో స్మిత్ యుద్ధమునకు పోయియుండగా, సెల్కీ ఒక ఆటగానిని మాంట్రియల్‌కిచ్చి టెడ్ కెన్నెడీ అను కుఱ్ఱవానిని తెచ్చెను. తన్నడుగలేదని స్మిత్ మండిపడెను. ఆ కెన్నెడీయే టొరాంటోకు ఐదు కప్పులలో పాలుగొన్నాడు. కోపము మాత్రము తీఱలేదు. 1946 లో సెల్కీ ఆ కొలువు వదలి మాంట్రియల్ చేరెను.

గెలిచిన జట్టును చూచి సెల్కీ సంతోషింపలేదు. వీరు పెద్దవారగుచున్నారు, వీరి వెనుక ఎవరున్నారని అడిగెను. ఎవరును లేరు. కెనడా ఈ కొననుండి ఆ కొనవఱకు కుఱ్ఱవాండ్ర జట్లను పోషించి, వారినుండి మెలమెల్లగా పైకి తెచ్చు ఏర్పాటు కావలయునని యజమానులను ఒప్పించెను. నారుమడి లేక నాట్లు పడవని మీకు చెప్పవలసిన పనిలేదు. కాని పట్టణపు జనులు పంటనే అడుగుదురు. ఆఱు సంవత్సరములు కప్పు రాలేదు. మూడుమాఱులు తుదిపందెము చేరియు ఓడిరి. ఏడవయేట, 1953 లో, కప్పు వచ్చెను.

ఆ సంవత్సరమే సెల్కీ ఝాన్ బెలివోను తెచ్చుకొనెను. ఈ నిలువెత్తు యువకుడు క్విబెక్ నగరమున సీనియరు లీగులో సుఖముగా ఆడుకొనుచు మాంట్రియల్‌కు రానని కూర్చుండెను. ఆ లీగులోనివారు వృత్తిగాండ్రుగా లెక్కకు రారు గనుక, అందున్నంతకాలము వానిని ఎవరును కదల్పలేరు. మాంట్రియల్‌వారు ఆ లీగునే మొత్తముగా కొని, దానిని వృత్తిలీగుగా మార్చివేసిరి. దానితో బెలివోకు దారి లేకపోయెను. 1953 అక్టోబరులో ఐదేండ్లకు లక్ష డాలర్లకు పైబడిన ఒప్పందముపై వ్రాలు చేసెను. గిత్తకొఱకు సంతనే కొనుట యన నిదియే.

1955 మార్చిలో బోస్టన్‌లో జరిగిన కొట్లాటలో రిషార్ ఒక అధికారిపై చేయిచేసికొనెను. లీగు అధ్యక్షుడు క్లారెన్స్ కాంబెల్, ఇంగ్లీషువాడు, ఆ యేటి పందెములలో మిగిలిన ఆటలేవియు రిషార్ ఆడరాదని తీర్పు చెప్పెను. మార్చి 17 వ తేదీ రాత్రి కాంబెల్ స్వయముగా మాంట్రియల్ శాలకు రాగా జనము తిరుగబడెను. పొగబాంబు పేలినది, ఆట ఆగిపోయెను, వీథిలో అంగళ్ల అద్దములు పగిలెను. ఆటను మించిన కోపమది. ఇంగ్లీషువారి పెత్తనముపై ఎన్నో ఏండ్లుగా దాచుకొన్నది. మఱునాడు రిషార్ రేడియోలో మాటలాడి, మొదట ఫ్రెంచిలో, పిమ్మట ఇంగ్లీషులో, జనులను శాంతింపుడని వేడుకొనెను. నగరము సద్దుమణిగెను. రేడియో చేసిన మేళ్లలో దీనిని గూడ చేర్చుకొనవచ్చును.

సెల్కీ ఆ వేసవిలో శిక్షకుని మార్చెను. రిషార్‌ను ఇర్విన్ ఎగద్రోయుచున్నాడని ఆయన తలంపు. రిషార్‌తో కలిసి ఆడిన టో బ్లేక్‌ను పెట్టెను. 1956 మొదలు 1960 వఱకు వరుసగా ఐదు కప్పులు. అంతకు ముందుగాని తరువాతగాని ఏ జట్టును ఐదు వరుసగా గెలువలేదు. ఇంత చేసిన సెల్కీకి తీఱికవేళల సరదా ఏదందురా? కోళ్లను పెంచుట. జాతికోళ్ల విషయమున ఆయన పేరుపడ్డవాడు. మంచిజాతిని గుర్తించి, ఓపికతో పెంచుట ఆ రెండు పనులకును సమానమే గదా.

1964 లో ఆయన విశ్రమింపగా సామ్ పోలక్ వచ్చెను. మాంట్రియల్‌లోనే పుట్టి, సెల్కీ నారుమడిలోనే పనిచేసి, కుఱ్ఱవాండ్ర జట్లకు 1950 లోను 1958 లోను జాతీయ విజయము తెచ్చినవాడు. పొట్టిగా, బొద్దుగా, ఎల్లప్పుడు దిగులుతో నున్నట్లుండి, ఆట చూచునపుడు చేతిరుమాలు నమలెడివాడు. విమానమనిన భయము. ఈయన కాలమున, 1964 నుండి 1978 వఱకు, 14 ఏండ్లలో తొమ్మిది కప్పులు వచ్చెను. మొదటివి సెల్కీ పెంచినవారివి. పోలక్ గొప్పతనము తరువాతివానిలో నున్నది. ఏలయన నియమములే మాఱిపోయెను.

1963 లో డ్రాఫ్టు అను పద్ధతి మొదలాయెను. ఏటేట జట్లవారు ఒకచోట గూడి, పెరిగివచ్చిన కుఱ్ఱవాండ్రను వంతులవారీగా కోరుకొందురు. అప్పటి ఏర్పాటున గత సంవత్సరము అడుగున నిలిచినవారిది తొలి వంతు. చెడుగుడు ఆడబోవు పిల్లలు ఉద్దులు పంచుకొనుట చూచినవారికి ఇది బోధపడును. 1967 లో లీగు ఆఱు జట్లనుండి పండ్రెండు జట్లకు పెరిగెను. ఫ్రెంచి కుఱ్ఱవాండ్రను అందఱికంటె ముందుగ ఇద్దఱిని కోరుకొనుటకు మాంట్రియల్‌కు ఒక ప్రత్యేకపు హక్కుండెడిది. 1969 లో దానిచేతనే రెజాన్ ఊల్, మార్క్ తార్దిఫ్ అనువారిని తెచ్చుకొనిరి. అదే కడపటిమాఱు. 1970 లో జిల్బర్ పెఱో అను మేటి ఫ్రెంచి యువకుడు బఫెలో జట్టునకు పోయెను. ఫ్రెంచివారి జట్టునకు ఫ్రెంచి కుఱ్ఱవాడు దక్కని కాలము వచ్చెనని జనులు కలతపడిరి.

1971 లో గి లాఫ్లూర్ అను కుఱ్ఱవాడు రానున్నాడని అందఱికి తెలియును. పోలక్ ఏడాదిముందే, 1970 మే నెలలో, కాలిఫోర్నియా జట్టుతో బేరమాడెను. ఎర్నీ హికీ అను ఆటగానిని, 1970 లోని తమ మొదటి వంతును వారికిచ్చి, 1971 లోని వారి మొదటి వంతును పుచ్చుకొనెను. మన రైతు చేనిమీది పంటను ముందే అమ్ముకొనునట్లు వారు రాబోవు కాలమును అమ్ముకొనిరి. అయితే కాలిఫోర్నియా అట్టడుగున ఉన్నగాని ఆ వంతు తొలి వంతు కాదు. 1971 జనవరిలో లాస్ ఏంజిల్స్ జట్టు ఇంకను హీనముగా కనబడెను. పోలక్ తన జట్టులోని మంచి ఆటగాడు రాల్ఫ్ బాక్‌స్ట్రమ్‌ను లాస్ ఏంజిల్స్‌కు పంపెను. వారు పైకి లేచిరి. కాలిఫోర్నియా అడుగుకు దిగెను. లాఫ్లూర్ మాంట్రియల్‌కు దక్కెను. దీనిని చాణక్యనీతిగా చెప్పుకొందురు. బాక్‌స్ట్రమ్ తనంతట తానే వెళ్లిపోదునని అడుగుచుండెను గనుక, ఇందు సగము చాణక్యము, సగము కాలము కలిసివచ్చుట అని నా యభిప్రాయము. లాఫ్లూర్ మొదటి మూడేండ్లు సామాన్యుడుగానే ఆడగా జనులు సణిగిరి. పోలక్ కదలలేదు. నాలుగవయేటినుండి వరుసగా ఆఱు సంవత్సరములు, ఏటికి 50 గోలులకు తక్కువ లేకుండ కొట్టెను.

గోలుకీపరు కెన్ డ్రైడెన్ సంగతియు నిట్టిదే. 1964 లో బోస్టన్ జట్టు వానిని కోరుకొని, కొలదిదినములలోనే ఇతర కుఱ్ఱవాండ్రకు మాఱుగా పోలక్‌కు ఇచ్చివేసెను. మాఱుగా పుచ్చుకొన్న ఇద్దఱును పెద్దలీగులో ఒక్క ఆటయు ఆడలేదు. 1971 లో ఆ డ్రైడెన్, ఆఱు ఆటల అనుభవముతో గోలులో నిలిచి, అదే బోస్టన్‌ను ఓడించెను. 1976-77 లో జట్టు 80 ఆటలలో 8 మాత్రమే ఓడినది.

ఆ జట్టులోని ముగ్గురు ఆటగాండ్రు, సెర్జ్ సావార్, రెజాన్ ఊల్, బాబ్ గేనీ, పిమ్మట ఒకరి తరువాత ఒకరు పోలక్ కుర్చీలో కూర్చుండిరి. ముందుగా కూర్చున్నవాడు మాత్రము ఇర్వింగ్ గ్రండ్‌మన్. బౌలింగ్ అను బంతియాట శాలల వ్యాపారి, పోలక్ ప్రక్కన పని నేర్చినవాడు. ఆ చోటును ఆశించిన శిక్షకుడు స్కాటీ బోమన్, 1979 లో ఇంకొక కప్పు గెలిచి, బఫెలోకు వెడలిపోయెను. 1980 లో గ్రండ్‌మన్ చేతికి తొలి వంతు వచ్చెను. అదియు పోలక్ 1976 లో కొలరాడో జట్టుతో చేసికొన్న బేరపు ఫలమే. మాంట్రియల్‌లోనే పెరిగిన డెనిస్ సావార్ అను కుఱ్ఱవాడు కన్నులయెదుటనే యుండెను. గ్రండ్‌మన్ వానిని కాదని డగ్ వికెన్‌హైజర్‌ను కోరెను. సావార్ షికాగోలో పేరుప్రతిష్ఠలు గడించెను. గ్రండ్‌మన్‌ను 1983 లో తొలగించిరి. విత్తనము పోలక్‌ది; పొలము చెడినది గ్రండ్‌మన్ చేత. అయినను నాకు వికెన్‌హైజర్‌పై ఎక్కువ జాలి కలుగును. తాను కోరని పోలికను ఆ యువకుడు ఎన్నో ఏండ్లు మోసెను.

సెర్జ్ సావార్ రాకతో, 1940 తరువాత మొదటిమాఱుగా, ఫ్రెంచి మాతృభాషగాగల మేనేజరు వచ్చెను. గోర్మన్, సెల్కీ, పోలక్, గ్రండ్‌మన్ ఇంగ్లీషు మాటలాడువారే. కప్పులు వచ్చుచున్నంతకాలము ఎవరును పట్టించుకొనలేదు. సావార్ 1984 లో 51 వ వంతున పాట్రిక్ రువా అను గోలుకీపరును తెచ్చెను. అతనితో 1986 లోను 1993 లోను కప్పు గెలిచెను. వెనుక చేజాఱిన డెనిస్ సావార్‌ను 1990 లో తెచ్చిన దీయనయే. (సావార్ ఇంటిపేరు ఆ దేశమున విరివి, ఈ కథలో తికమకపడకుందురుగాక.) 1995 అక్టోబరులో జట్టు మొదటి నాలుగాటలు ఓడగానే సావార్‌ను పంపివేసిరి. రెండు కప్పులు తెచ్చినవానికి నాలుగాటల గడువు!

ఆ కుర్చీలో రెజాన్ ఊల్‌ను కూర్చుండబెట్టిరి. మంచి ఆటగాడు, మంచి మనిషి. మేనేజరు పని ఎన్నడును చేసియెఱుగడు. ఏడు వారములైనను గడువకమునుపే, డిసెంబరు 2 వ తేదీన, సొంతశాలలో జట్టు 11 గోలులకు 1 గోలుతో ఓడినది. రువా తొమ్మిది గోలులు తిన్నంతవఱకు శిక్షకుడు వానిని మార్పలేదు. అవమానముతో రువా జట్టు అధ్యక్షునియొద్దకు పోయి, ఇదే నా తుది ఆట యనెను. నాలుగు దినములలో ఊల్ వానిని కొలరాడోకు ఇచ్చివేసెను. పోలక్ అయినచో నాలుగు దినములలో తేల్చెడివాడా? లాఫ్లూర్‌కొఱకు ఏడాదిముందు విత్తినవాడు, కోపము చల్లాఱువఱకైన ఆగకుండునా? 1996 లో కొలరాడో కప్పు గెలిచెను. 1993 తరువాత 30 ఏండ్లు గడచినను మాంట్రియల్‌కు మఱియొక కప్పు రాలేదు.

నేరమంతయు వ్యక్తులది కాదు. సెల్కీనాడు లీగులో ఆఱు జట్లు. 2021 నాటికి 32. డ్రాఫ్టు వచ్చినపిదప నారుమళ్లు అందఱి ఉమ్మడి సొత్తయ్యెను. 2005 లో జట్టు చెల్లింపదగు మొత్తము జీతములకు పరిమితి పెట్టిరి. ధనముతో సంతను కొను దారి మూసికొనిపోయెను. ఊల్ తరువాత వచ్చిన ఆంద్రే సావార్, 2010 లో వచ్చిన పియెర్ గొతియె కొలదికాలమే యుండిరి. గొతియె ఫ్రెంచి రాని శిక్షకుని 2011 డిసెంబరులో తాత్కాలికముగా నియమింపగా జనులు శాలయెదుట నిరసన తెలిపిరి. ఓడుచున్న జట్టునకు భాష గుర్తుకు వచ్చును. 2012 జనవరిలో మైక్ కమలెరీ అను ఆటగానిని, ఆట జరుగుచుండగనే వెలికి పిలిచి, నిన్ను వేఱుజట్టున కిచ్చితిమని చెప్పిరి. ఇంతకంటె మొరటుతన మేమున్నది?

వీరి నడుమ 2003 నుండి 2010 వఱకు బాబ్ గేనీ. 2009 లో గొమెజ్ అను ఆటగానికొఱకు రయన్ మెక్‌డోనా అను కుఱ్ఱవానిని న్యూయార్కునకు ఇచ్చుట ఆయన పెద్ద పొరపాటు. 2005 లో కేరీ ప్రైస్ అను గోలుకీపరును ఐదవ వంతున కోరుట ఆయన పెద్ద ఒప్పు. మనకు గోలుకీపరున్నాడు గదా, మఱియొకడేల యని ఆనాడు పలువురు విసుగుకొనిరి. 2015 లో ప్రైస్ రెండు బహుమానపాత్రలు ఒక్కమాఱే అందుకొనెను. ఒకటి వెజినా పేరిటిది. రెండవది హార్ట్ పేరిటిది. 2021 లో ప్రైస్ బలముననే జట్టు తుదిపందెము చేరినది. గెలువలేదు. అప్పటి మేనేజరు మార్క్ బెర్జెవాన్. తుదిపందెము ముగిసిన ఐదు నెలలలోనే, నవంబరులో, ఆయనకు ఉద్వాసన చెప్పిరి. ప్రైస్‌ను కోరి తెచ్చిన గేనీ ఆ కుర్చీ విడిచి అప్పటికి పదకొండేండ్లు.

2022 జనవరిలో కెంట్ హ్యూస్ వచ్చెను. అంతవఱకు ఆటగాండ్ర తరఫున జీతముల బేరము లాడినవాడు. అనగా బల్లకు అవతలిప్రక్క నుండినవాడు. ఆ సంవత్సరము జట్టు అట్టడుగున ఉండుటచే తొలి వంతు వీరిదే. జులై నెలలో డ్రాఫ్టు మాంట్రియల్ శాలలోనే జరిగెను. నిండిన సభలో పలువురు ఒక కెనడా కుఱ్ఱవాని పేరు వినగోరియుండిరి. హ్యూస్ వేదికపైకి యురై స్లాఫ్‌కోవ్‌స్కీ అను వానిని పిలిపించెను. స్లొవాకియా దేశపు పిల్లవాడు. ఆ దేశమువానిని తొలి వంతున కోరుట అదే మొదలు. వానికి అప్పటికి 18 ఏండ్లు.